మూడు పాయలు

పోయిన వారం మారేడ్‌పల్లిలో మందుల షాపుకి వెళ్ళాను. అత్తమ్మ బీపీ మాత్రలు తీసుకుంటుంటే కౌంటర్ అవతలి అమ్మాయి ఒక డబ్బా తెచ్చి నా ముందు పెట్టింది. "మేడం, కొలాజెన్ పౌడర్. స్కిన్‌కి, జుట్టుకి, మోకాళ్ళకి, అన్నిటికీ మంచిది. కొత్తగొచ్చింది" అంది. డబ్బా మీద నున్నటి చెంపల అమ్మాయి బొమ్మ, ఆ పక్కన మెలితిరిగిన తాడు బొమ్మ ఉన్నాయి. తాడుని దగ్గరగా పెట్టుకుని చూశాను. రెండే పాయలు.

నాకు నవ్వొచ్చింది. తన మాటకే నవ్వాననుకుని పాపం ఆ అమ్మాయి మొహం ముడుచుకుంది. నేను నవ్వింది ఆమెను చూసి కాదు. "రెండు పాయలతో జడ ఎవరేస్తారండీ? ఏసిన బొమ్మ ఒకసారి చూసుకోరా?" అని ఒకావిడ గుంటూరు గొంతుతో నా చెవి పక్కనే విసుక్కున్నట్టు అనిపించింది. ఆవిడ ఈ వానాకాలంలో పోయింది. బతికుంటే ఆ డబ్బా మీదున్న నంబరుకి ఫోన్ చేసి వాళ్ళకు క్లాసు పీకి ఉండేది.

ఆవిడ పేరు ఇక్కడ రాయడం లేదు. దాచిపెట్టాలని కాదు. నేను ఆవిడను పిలిచే పేరు అక్షరాల్లో రాయడానికి కుదరదు, అంతే.

నేను వినికిడి లేని పిల్లల బడిలో టీచర్ని. చిన్న తరగతులు నావి. పిల్లలతో నేను మాట్లాడేది చేతులతో. నాలుగేళ్ళ కిందట ఒక ఆదివారం సింకు దగ్గర గాజు గ్లాసు కడుగుతుంటే అది చేతిలోనే పగిలి, పెంకు కుడి చూపుడు వేలి మొదట్లో లోతుగా దిగింది. రక్తం ఆగింది గానీ వేలు కర్రలా నిలబడిపోయింది. వంచమంటే వంగదు. ఇంట్లో, బస్తీలో అందరూ "నరం తెగింది" అన్నారు. ఆపరేషన్ చేసిన డాక్టరు కూడా మాకు తేలిగ్గా అర్థమవుతుందని నరమనే అన్నాడు. కుట్లు వేసి, వేలు మళ్ళీ వంగే పని మాత్రం తన చేతిలో లేదని చెప్పి ఈవిడ దగ్గరికి పంపాడు.

వెస్ట్ మారేడ్‌పల్లిలో ఒక పాత ఇంటి కారు షెడ్డు ఆవిడ క్లినిక్. చేతులకు మాత్రమే వ్యాయామం చేయించే ఫిజియోథెరపిస్టు. అక్కడ మామూలుగా కనిపించే పెద్ద పెద్ద యంత్రాలేవీ లేవు. ఒక స్టీలు బేసిన్ నిండా బియ్యం, పేషెంట్లు చెయ్యి ముంచి పిసకడానికి. బట్టల క్లిప్పులు, రబ్బరు బ్యాండ్లు, చేతికి కాపడం పెట్టడానికి కరిగిన మైనం గిన్నె. గోడ మీద ఒక బైబిల్ వాక్యం రాసిన క్యాలెండరు, చర్చివాళ్ళు ఇచ్చింది. ఎదురుగా ఆవిడ, నడుం దాకా సన్నటి జడ వేసుకుని, చేతిలో ఎప్పుడూ వేడి టీ గ్లాసు పట్టుకుని. ఆ టీ తాగేది కాదు. గ్లాసు రెండు అరచేతుల మధ్య పెట్టుకుని మాట్లాడేది, చల్లారాక మొక్కల్లో పారబోసేది. అదేం అలవాటో అనుకున్నాను.

మొదటి రోజు నా వేలు చూడకముందే "ఈ చేత్తో ఏం చేస్తారు మీరు?" అని అడిగింది. అందరినీ ముందుగా అదే అడిగేదని తర్వాత తెలిసింది. టైలరైతే కత్తెర తెచ్చుకోమనేది, హోటల్లో చపాతీలు ఒత్తేవాళ్ళకు పిండి ముద్ద చేతికిచ్చేది. నేను నా పని చెప్పాను. ఆవిడ "అయితే మీకిది వేలు కాదు టీచర్ గారూ, నాలుక" అంది. అప్పటిదాకా నేను ఎవరి ముందూ ఏడవలేదు. అక్కడ ఏడ్చాను.

ఆవిడ నన్ను ఊరుకోబెట్టలేదు. టిఫిన్ డబ్బా మూత తీసి అందులోంచి ఒక కోడికాలు బయటికి తీసింది. మోండా మార్కెట్లో చికెన్ కొట్టతను ఆవిడ కోసం కాళ్ళు విడిగా తీసి పెట్టేవాడు. తెగిన చోట తెల్లగా వేలాడుతున్న తాడుని పట్టుకుని లాగింది. కోడి వేళ్ళు టక్కున ముడుచుకున్నాయి. వదిలితే తెరుచుకున్నాయి. చిన్నప్పుడు వంటింటి గుమ్మంలో కూర్చుని ఈ ఆట నేనూ ఆడాను. నా చెయ్యి కూడా అలాగే పనిచేస్తుందని మాత్రం ఎన్నడూ తట్టలేదు.

"మీకు తెగింది నరం కాదండీ. నరమైతే స్పర్శ పోద్ది. తెగింది ఈ తాడు" అంది. మాంసం తినని పేషెంట్ల కోసం ఒక చేతి తొడుగుకి దారాలు కుట్టి పెట్టుకుంది గానీ, అది చూపించేటప్పుడు ఆవిడకే పెద్దగా ఉత్సాహం ఉండేది కాదు.

ఆ రోజు నాతో పాటు అత్తమ్మ వచ్చింది. ఆవిడ అత్తమ్మ వైపు తిరిగి చాలా శ్రద్ధగా చెప్పింది. "ఈ తాడు ఊరికే తాడు కాదమ్మా. మూడు పాయలు. ఆ మూడు పాయల్లోనే ఉంది బలమంతా. మీ కోడలికి ఇప్పుడు కావలసింది ఆ మూడు పాయలే. రోజూ కొంచెం కొంచెంగా తయారవ్వాలి."

అత్తమ్మ బుద్ధిగా తలూపింది. జడపాయలు అత్తమ్మకు తెలియక కాదు. కానీ మాది బన్సీలాల్‌పేట్. ఎముక విరిగినా, నరం తెగినా, బాలింత లేవలేకపోయినా మా బస్తీలో మందు ఒక్కటే, మేకకాళ్ళ పాయా. డాక్టరమ్మ నోట "పాయ" అన్న మాట పడేసరికి అత్తమ్మకు ఇంకేదీ తోచలేదు. ఆ మరునాటి నుంచి పొద్దున్నే కుక్కర్ కూత వేయడం షురూ అయింది. మూడంటే మూడే కాళ్ళు. నాలుగోది ఇస్తానన్నా తీసుకునేది కాదట. మటన్ కొట్టతను మేకకు నాలుగు కాళ్ళుంటాయి, మిగిలిన ఒక్క కాలు ఎవరికి అమ్మాలని గొడవపడ్డాడట. "డాక్టరమ్మ మూడే చెప్పింది" అని అత్తమ్మ కదల్లేదు.

కొన్నాళ్ళకు అత్తమ్మ ఒక స్టీలు డబ్బాతో క్లినిక్‌కి వచ్చింది.

"మీరు చెప్పినట్టే రోజు మూడు పాయలు పెడుతున్న డాక్టరమ్మా. ఒక్క రోజు సుత తప్పలే. ఇయ్యాల మీకు సుత తెచ్చిన."

ఆవిడ మూత తీసింది. రాత్రి ఫ్రిజ్జులో పెట్టినందువల్ల పులుసంతా గడ్డకట్టి ఉంది. డబ్బాలోకి చూసింది, అత్తమ్మను చూసింది, నన్ను చూసింది. అర్థమయ్యాక ఆవిడ నవ్విన నవ్వు ఇప్పటికీ నాకు గుర్తే. బియ్యం బేసిన్ పక్కన స్టూలు మీద కూలబడి, కొంగుతో కళ్ళు తుడుచుకుని, మళ్ళీ డబ్బా వైపు చూసి మళ్ళీ నవ్వింది. అత్తమ్మకు కొంచెం కోపం వచ్చింది.

"ఏందీ, గట్ల నవ్వుతరు?"

"నేను చెప్పింది ఈ పాయలు కాదమ్మా, ఈ పాయలు" అని ఆవిడ తన జడ ముందుకు వేసుకుంది. "లాగండి."

అత్తమ్మ జంకింది. "లాగండమ్మా, ఏం కాదు" అని మళ్ళీ అంది. అత్తమ్మ లాగింది. ఆవిడ ఒక వెంట్రుక విడిగా తీసి పుటుక్కున తెంపింది. "జుట్టు సరుకు వేరు, అది కెరటిన్. నేను చెప్పేది జడ సంగతి. మన తాడులో, చర్మంలో, ఎముకలో ఉన్నది కొలాజెన్. మూడు పోగులు ఇట్టాగే ఒకదాన్నొకటి చుట్టుకుని ఉంటాయి. లోపల మహా ఇరుకు. అందుకని ప్రతి మూడో చోటా అన్నిటికంటే చిన్న ముక్కే పట్టుద్ది. షేర్ ఆటోలో మధ్యన సన్నటోడు కూచుంటేనే ముగ్గురు పడతారే, అట్టా. అక్కడ లావాటోడు దూరాడో, జడ వదులైపోద్ది. కొందరు పిల్లలు పుట్టడమే పెళుసు ఎముకలతో పుడతారు, ఇందుకే."

తర్వాత ఆవిడ అత్తమ్మ తెచ్చిన డబ్బాని తలకిందులు చేసి చూపించింది. గడ్డకట్టిన పాయా కింద పడలేదు. "ఇదేంటో తెలుసా? ఊడిపోయిన జడ. మీరు గంటలు గంటలు ఉడకబెట్టారు కదా, ఆ వేడికి పాయలు విడిపోయి నీళ్ళలో కలిశాయి. చల్లారాక మళ్ళీ ఒకదాన్నొకటి పట్టుకోబోయి, సరిగ్గా అల్లుకోలేక ఇట్టా వలలాగా చిక్కుపడ్డాయి. పుట్టినరోజు పార్టీల్లో పిల్లలు తినే జెల్లీ ఉందే, చాలావాటిల్లో ఇదే."

"మరి నా కోడలు తాగింది ఆమె వేలికి పోలేదా?"

"కడుపులో పడ్డాక జడ జడలాగా ఉండదమ్మా. ముక్కలైపోద్ది. ఆ ముక్కలు నేరుగా వేలికే పోవు."

అత్తమ్మ ఊరుకునే మనిషి కాదు. "ముక్కలైతే ఉన్నయి గదా. మళ్ళ అల్లుకోదా?"

ఆవిడ నవ్వు ఆపి అత్తమ్మ వైపు మర్యాదగా చూసింది. "అల్లుకుంటుంది. మన ఒళ్ళే అల్లుద్ది. కాకపోతే ఎక్కడ అల్లాలో దాని ఇష్టం, మన ఇష్టం కాదు. పాయా మానకండి, ఒంటికి మంచిదే. కానీ పాయలు జారకుండా పిన్నులు పెట్టాలంటే సి విటమిన్ కావాలి. జామకాయలు కూడా పెట్టండి." ఆ తర్వాత పాయా వేడిచేసుకుని, బ్రెడ్డు ముంచుకుని మా ఎదుటే తినేసింది. అప్పటి నుంచి వాళ్ళిద్దరికీ బాగా పడింది. వారానికోసారి డబ్బా వెళ్ళేది, ఖాళీ డబ్బాలో జామకాయలు వచ్చేవి.

ఆవిడకు కొలాజెన్ ఎక్కడ కనిపించినా చుట్టరికం కలుపుకోవడం అలవాటు. పెళ్ళిళ్ళలో కొందరు పెద్దవాళ్ళు ఉంటారు, ఎవరి పేరెత్తినా "మనవాడే" అంటారు. అలాగ. తోలు చెప్పులు చూపించి "మనవాడే" అనేది. వేసుకోవడానికి క్యాప్సూల్ చేతికిస్తే ఆ మెత్తటి డొల్లను వేళ్ళ మధ్య నొక్కి "మనవాడే" అనేది. కాలిన గాయం మీద ఆసుపత్రిలో అతికించే పల్చటి పొర, చర్చిలో డోలక్ మీది చర్మం, పాతకాలం వడ్రంగులు చెక్క అతికించడానికి కాచిన సరేసు జిగురు, అన్నీ మనవాళ్ళే. పట్టుచీర కట్టుకొస్తే మాత్రం "వీడు దాయాది. పీచే గానీ వేరే ఇంటివాడు" అనేది.

నొప్పి అంటే ఆవిడ దగ్గర చెల్లేది కాదు. "ఏ నొప్పి? లాగే నొప్పా, గుచ్చే నొప్పా?" అని అడిగేది. "లాగే నొప్పి మనది, భరించాలి. గుచ్చే నొప్పైతే ఎంతలో ఉంటే అంతలో ఆపి నాకు ఫోన్ చెయ్యండి." నేను ఒకసారి విసుగొచ్చి, "రెండూ లేస్తున్నయి మేడం, ఇంక ఎన్ని రోజులు గిట్ల?" అన్నాను. "రెండూ లేవవు. సరిగ్గా వినండి మీ వేలు చెప్పేది. పిల్లల చేతులు వింటారు గదా, మీ చెయ్యి వినలేరా?" అంది. ఆ మాటకు కోపం వచ్చింది. నిజమే కాబట్టి ఇంకా ఎక్కువ వచ్చింది.

మొదట్లో అసలు కదపొద్దంది. పట్టీలో ఉంచి, రబ్బరు బ్యాండుతో వేలు దానంతట అది ముడుచుకునేలా కట్టింది. తర్వాత కదపాల్సిందే అంది. ఈ రెంటికీ మధ్య గీత సన్నటిది. "తెగిన చోట మన ఒళ్ళు కంగారుగా ఈ కొలాజెన్ పీచు పోసేస్తుంది. దారం ఉండ చిక్కుపడ్డట్టు, ఎటు పడితే అటు. అప్పుడే లాగితే తెగుద్ది. అసలు లాగకపోతే చుట్టూ ఉన్న వాటికి అంటుకుపోద్ది, ఇంక వేలు జరగదు. పీచుకి బుద్ధి లేదండీ. ఎటు లాగితే అటు పడుద్ది. మనమే దానికి దారి చెప్పాలి." నా వేలు అంటుకుపోవడం మొదలైందని ఆవిడకు నాకంటే ముందే తెలిసింది. వదలకపోతే మళ్ళీ కోసి విడదీయాలి. కోస్తే మళ్ళీ పీచే పడుతుంది.

బడిలో నా పరిస్థితి బాగాలేదు. సైగల్లో చూపుడు వేలు లేకుండా గడవదు. నువ్వు, నేను, అక్కడ, ఎవరు, ఎందుకు, దేనికైనా అదే ముందుకు వస్తుంది. చాలా గుర్తుల్లో అది కొక్కెంలా వంగాలి. నాది వంగదు. చేతికి నత్తి వచ్చినట్టయింది. పెద్ద పిల్లలు నా అవస్థ అర్థం చేసుకుని సర్దుకున్నారు. చిన్న తరగతి పిల్లలు వెక్కిరించలేదు. అంతకంటే పెద్ద పని చేశారు. టీచర్ చేసేదే సరైన పద్ధతి అనుకుని, వాళ్ళు కూడా వేలు కర్రలా పెట్టి గుర్తులు చేయడం నేర్చుకున్నారు. క్లాసు క్లాసంతా నా నత్తి పట్టుకుంది. హెడ్మిస్ట్రెస్ నన్ను పిలిచి, ఇలాగే ఉంటే చిన్న తరగతి నుంచి తీసి ఆఫీసు పని ఇస్తానని చాలా మెత్తగా చెప్పింది. 

ఈ సంగతి చెప్పినప్పుడు ఆవిడ జాలిపడలేదు. "రేపు మీ క్లాసుకొస్తాను. వేలు ఏమేం చెయ్యాలో చూడకుండా ఊరికే క్లిప్పులు నొక్కిస్తున్నాను, తెలివి తక్కువ పని" అంది.

వచ్చి వెనక బెంచీలో, చిన్నపిల్లల బెంచీలో, మోకాళ్ళు పొట్టకు ఆనించుకుని కూర్చుంది. నా చేతులే చూస్తూ ఏదో గొణుక్కుంది. పిల్లలు పాఠం వదిలేసి ఆవిడనే చూశారు. ఎవరావిడ అని అడిగారు. నా వేలు బాగుచేసే మనిషి అని చెప్పాను. వినికిడి లేనివాళ్ళలో ఒక పద్ధతుంది. దగ్గరి మనిషికి సైగ పేరు పెడతారు. ఆ పేరు మాలాంటి వినేవాళ్ళు పెట్టుకోకూడదు, వాళ్ళే పెట్టాలి. మనిషిలో మొదట కంటికి ఆనేదే పేరవుతుంది. నా పేరు గడ్డం మీది పుట్టుమచ్చ. ఆవిడకు మొదట జడ పేరు పెడదామన్నారు. కానీ జడ పేరు అప్పటికే మా వంటమనిషికి ఉంది. చాలాసేపు చేతులు అటూ ఇటూ ఎగిరాయి. చివరికి తేల్చారు. చూపుడు వేలు నిటారుగా పెట్టాలి, కొక్కెంలా పూర్తిగా వంచాలి, మళ్ళీ నిటారుగా లేపాలి. అదీ ఆవిడ పేరు.

క్లాసులో అందరూ ఆ పేరు పిలిచారు. ఆవిడా నేర్చుకుంది. పిలవలేనిది నేనొక్కదాన్నే.

ఆవిడ మొహం వెలిగిపోయింది. "దొరికింది టీచర్ గారూ. ఇదే మన పరీక్ష" అంది.

అప్పటి నుంచి ప్రతిసారీ షెడ్డులోకి అడుగు పెట్టగానే "నా పేరు చెప్పండి" అనేది. నేను వేలు వంచేదాన్ని. "ఇది నా పేరు కాదు, ఇంకెవరిదో." "ఇవాళ సగం పేరు వచ్చింది." "నత్తి తగ్గింది, కానీ నన్ను పిలుస్తున్నారో ఈగను తోలుతున్నారో తెలియట్లా." క్లిప్పులు, బియ్యం పక్కకు పోయాయి. నా పాఠాలే నా వ్యాయామం. ఇంట్లో, బస్‌స్టాపులో, అత్తమ్మ టీవీ చూస్తున్నప్పుడు ఆమె పక్కన కూర్చుని, ఆవిడ పేరు పిలుస్తూ ఉండేదాన్ని. అది లాగే నొప్పి. మనదే. మెల్లగా అంటుకున్నది వదిలింది. చలికాలం వచ్చేసరికి చివరి కణుపు తప్ప మిగతా వేలంతా వంగింది. రెండో ఆపరేషన్ అక్కర్లేదన్నారు. నేను చిన్న తరగతిలోనే ఉండిపోయాను. కొన్నాళ్ళకు పిల్లల నత్తి కూడా పోయింది.

ఆ చలికాలంలోనే ఆవిడ చేతులు నేను మొదటిసారి సరిగ్గా చూశాను. అన్నాళ్ళూ ఆవిడ నా చేతిని చూసింది, నేనూ నా చేతినే చూసుకున్నాను. ఆ రోజు నా వేలు పట్టుకుని లాగబోతే పట్టు జారింది. మళ్ళీ పట్టుకుంది, మళ్ళీ జారింది. వేళ్ళ చివర్లు మంచులా చల్లగా, సున్నం వేసినట్టు తెల్లగా అయిపోయి ఉన్నాయి. చర్మం నున్నగా, బిగుతుగా, ముడతలన్నీ ఇస్త్రీ చేసినట్టు ఉంది. వేడి టీ గ్లాసు ఎందుకో అప్పుడు తెలిసింది.

"ఏమైంది మేడం?"

ఆవిడ నా చేతి వెనక చర్మం రెండు వేళ్ళతో పట్టి పైకి లేపింది. "మీది లేస్తోంది చూశారా?" తర్వాత తన చేతి మీద అలాగే పట్టుకోబోయింది. చర్మం వేళ్ళకు అందలేదు. "నాది లేవదు. లోపల పీచు పేరుకుపోతోంది. ఆగమంటే ఆగట్లేదు. కొన్నేళ్ళ నుంచీ ఉంది, ఈ ఏడు జోరందుకుంది."

"ఎందుకట్ల?"

"ఎందుకో పెద్ద డాక్టర్లకే తెలియదు. ఎవరని చెప్పను? మనవాడే" అని నవ్వింది. "మీకు కావలసిన చోట పడనని మొరాయించాడు. నాకు అక్కర్లేని చోటల్లా పడుతున్నాడు. ఒకటే సరుకు టీచర్ గారూ."

నేను నవ్వలేకపోయాను. ఆవిడ ఈ మాట చెప్పి "ఊఁ, నా పేరు చెప్పండి" అని పనిలో పడింది. చర్చిలో ఆడవాళ్ళు ఆవిడ చేతులు పట్టుకుని ప్రార్థన చేసేవారట. "ప్రార్థన గట్టిగా చెయ్యండి, చేతులు మాత్రం గట్టిగా పిసక్కండి అని చెప్పాను" అంది.

నా వైద్యం ముగిసినా మేము వెళ్ళడం మానలేదు. వెళ్ళినప్పుడల్లా ఆవిడ చెయ్యి ఇంకాస్త ముడుచుకుని కనిపించేది. ముందు మైనం గిన్నె ఆవిడ చెల్లెలు ఎత్తడం మొదలుపెట్టింది. తర్వాత షెడ్డు తలుపు మూతబడింది. తన చేతులకు తను చేయగలిగినంత వ్యాయామం చేసుకుంది. ఎటు లాగితే అటు పడే పీచు తన దగ్గర మాట వినలేదు. అది అన్యాయమని నాకు చాలా కోపం వచ్చేది. ఆవిడకు వచ్చేదో లేదో తెలియదు. నా ముందు ఎప్పుడూ చూపించలేదు.

ఆఖరిసారి అత్తమ్మా నేనూ వెళ్ళినప్పుడు ఆవిడ మంచం మీద దిండుకు ఆనుకుని కూర్చుని ఉంది. పీచు ఊపిరితిత్తుల దాకా వెళ్ళింది. నాలుగు మాటలు మాట్లాడితే ఊపిరి అందడం లేదు. జుట్టు విడిపోయి భుజాల మీద పడి ఉంది. అత్తమ్మ ఏమీ అడగకుండా మంచం మీద ఎక్కి ఆవిడ వెనక కూర్చుంది. దువ్వెన తీసుకుని మెల్లగా చిక్కు తీసి అల్లడం మొదలుపెట్టింది.

"ఇగో డాక్టరమ్మా, మూడు పాయలు. మంచిగ లెక్క చూస్కోండి."

"నాలుగోది ఏం చేశారు?" అంది ఆవిడ. అత్తమ్మ నవ్వబోయి ఏడ్చింది. జడ మాత్రం ఆపలేదు.

ఆవిడ నా వైపు చూసింది. "నా పేరు చెప్పండి టీచర్ గారూ."

నేను వేలు ఎత్తి, వంచి, లేపాను. ఆవిడ కళ్ళు చిట్లించి చూసింది. "చివరి కణుపు ఇంకా తక్కువే. బద్ధకం" అంది. తర్వాత తన చెయ్యి పైకెత్తింది. తన పేరు తనే చెప్పుకోవాలనుకుంది. చూపుడు వేలు అప్పటికే సగం ముడుచుకుని ఉంది. అది పూర్తిగా వంగలేదు, నిటారుగా లేవనూ లేదు. కాసేపు ప్రయత్నించింది. వేలు ఆ పేరు మధ్యలోనే ఆగిపోయి ఉంది.

నేను ఆ చెయ్యి నా రెండు చేతుల్లోకి తీసుకున్నాను. వేలిని కొంచెం, చాలా కొంచెం లాగాను. "లాగే నొప్పా, గుచ్చే నొప్పా?" అని అడిగాను. ఆవిడకు ఊపిరి తీసుకోవడానికి కాస్త టైం పట్టింది.

"లాగేదే. మనదే" అంది.

వానలు పడుతున్న రోజుల్లో ఆవిడ చెల్లెలు ఫోన్ చేసింది. చర్చికి వెళ్ళాం. పెట్టె దగ్గరికి వెళ్ళగానే అత్తమ్మ మొట్టమొదట చూసింది జడ. ఎవరో చక్కగా వేశారు. పాటలు పాడుతుంటే ఒక మూల డోలక్ మోగింది, మనవాడే అనుకున్నాను. అంతమందిలో ఏడుపు ఆపుకోవడం నా వల్ల కాలేదు.

సోమవారం, ఆవిడకు పేరు పెట్టి ఇప్పుడు పై తరగతుల్లో ఉన్న పిల్లల్ని నా క్లాసుకి పిలిచి చెప్పాను. నోటితో చెప్పేవాళ్ళు చావు కబురు మొహం తిప్పుకుని చెప్పవచ్చు. సైగల్లో చెప్పాలంటే వాళ్ళు నన్ను చూడాలి, నేను వాళ్ళను చూడాలి. ముందు ఆవిడ పేరు చెప్పాలి. చెప్పాను. క్లాసులో అన్ని చేతులూ లేచి ఆ పేరు పలికాయి. అందరి వేళ్ళూ పూర్తిగా వంగాయి, నాది తప్ప.

మందుల షాపులో ఆ పౌడర్ డబ్బా కొనలేదు. మాత్రలు తీసుకుని వచ్చేశాను. అత్తమ్మ ఇప్పటికీ పాయా వండుతుంది, ఇప్పటికీ మూడు కాళ్ళే తెస్తుంది. మటన్ కొట్టతను గొడవపడటం మానేశాడు.

పొద్దున లేవగానే నా వేలు బిగుసుకుని ఉంటుంది. పాత గాయాలన్నిటికీ అంతేనట. ఎవరితోనూ మాట్లాడకముందు, మొహం కడుక్కునే చోట నిలబడి ఆవిడను ఒకసారి పేరు పెట్టి పిలుస్తాను. మొదటిసారి సగమే వస్తుంది. ఇంకోసారి పిలుస్తాను. లాగుతుంది. చివరి కణుపు కాస్త తక్కువే గానీ, పేరు పూర్తిగానే వస్తుంది.